పిలుపులాయన దాటేసిన ఇల్లు

హల్దోర్‌కు ఊళ్లో రెండు పేర్లు. ఎదురుగా ఉంటే పిలుపులాయన. మలుపు తిరిగాక బురద దొర. మొదటి పేరు తండ్రి నుంచి వచ్చింది. రెండోది పూర్తిగా స్వార్జితం.

నార్వే పడమటి తీరంలో, సముద్రం కొండల మధ్యకు చొచ్చుకొచ్చిన చోట, వాలు మీద తొమ్మిది ఇళ్లున్నాయి. ఆ తొమ్మిదీ ఒక వరస. పెళ్లి అయినా బారసాల అయినా చావు అయినా వరసలోని ప్రతి గడపకూ మనిషి వెళ్లి పిలవాలి. ఇష్టాయిష్టాలతో పని లేదు. పిలుపు అందుకున్న ఇంటివాళ్లు బుట్టలో తిండి పెట్టుకుని వస్తారు, శవపేటిక మోస్తారు, అవతలి ఒడ్డున ఉన్న చర్చికి పడవ నడుపుతారు. పిలుపు లేకుండా వెళితే తిండికి ఎగబడ్డారంటారు. అందుకని పిలవని చోటికి ఎవరూ వెళ్లరు, కళ్లముందే ఇల్లు కూలుతున్నా సరే.

ఆ పిలిచే పని హల్దోర్‌ది. నల్లకోటు వేసుకుని గుమ్మం బయట నిలబడి, టోపీ తీసి, తాతల నాటి మాటలు ఒక్కటి తప్పకుండా అప్పజెపుతాడు. మూడుసార్లు కూర్చోమంటే గాని కూర్చోడు. ఒకసారి ఎవరో రెండుసార్లే అని ఊరుకుంటే ఆయన అలాగే నిలబడి ఉన్నాడనీ, ఇంటావిడ వంట ముగించి, గిన్నెలు కడిగి, నిద్రపోయి లేచేసరికీ అక్కడే ఉన్నాడనీ చెప్పుకుంటారు. హల్దోర్ దీన్ని ఖండించడు. నిద్రపోయిన మాట మాత్రం అబద్ధం, కునికిందంతే అంటాడు.

యుద్ధం అయ్యాక ఇళ్లు తొమ్మిదే ఉన్నాయి గానీ పిలుపులు ఎనిమిదయ్యాయి. వాగు అవతల ఎల్లింగ్ ఇంటిని హల్దోర్ దాటేశాడు.

ఎల్లింగ్, హల్దోర్ ఒకే ఏడు పుట్టారు, ఒకే బల్ల మీద చదువుకున్నారు. జర్మన్లు దేశాన్ని ఆక్రమించుకున్న రెండో ఏడు ఎల్లింగ్ వాళ్ల వెంట నడిచే పార్టీలో చేరాడు. రేవు మీద అజమాయిషీ ఇస్తామన్నారట. ఇచ్చారు కూడా, ఒక టోపీతో పాటు. ఆ మరుసటి ఏడు హల్దోర్ కొడుకు ఔడున్ గడ్డివాములో జర్మన్లు నిషేధించిన రేడియో దాచాడని పోలీసులు వచ్చారు. చెప్పింది ఎల్లింగ్ కాదు. ఆ సంగతి తర్వాత కోర్టులో కూడా తేలింది. కానీ పోలీసులకు దారి చూపిస్తూ వచ్చింది ఎల్లింగే. వాళ్లు ఔడున్‌ను తీసుకుపోతుంటే గేటు తెరిచి పట్టుకుని నిలబడ్డాడు. అందరూ బయటికి వెళ్లాక గేటు మూసి, గడియ పెట్టి, సరిగ్గా పడిందో లేదోనని ఒకసారి లాగి చూసి మరీ వెళ్లాడు.

ఔడున్ జర్మనీలో ఒక శిబిరంలో పోయాడు. పూడ్చడానికి ఏమీ రాలేదు. ఊరంతటికీ పిలుపులు చేసిన మనిషి సొంత కొడుకు చావుకు ఎవరినీ పిలవలేదు.

హల్దోర్ ఎల్లింగ్‌ను పార్టీలో చేరినందుకు క్షమించగలిగేవాడేమో. టోపీని కూడా క్షమించగలిగేవాడే, దాన్ని పెట్టుకుంటే ఎల్లింగ్ పోస్టు డబ్బాలా ఉండేవాడు. ఆ గడియ పెట్టడాన్ని మాత్రం క్షమించలేకపోయాడు.

ఎల్లింగ్ శిక్ష అనుభవించి తిరిగొచ్చాక ఒక చిక్కొచ్చింది. రేవుకు దారి అతని పెరట్లోంచే. హల్దోర్ ఆ పెరడు తొక్కనన్నాడు. చుట్టూ తిరిగి బురదనేలలోంచి నడవడం మొదలుపెట్టాడు. మొదటి ఏడు ఒక బూటు పోయింది. రెండో ఏడు ఇద్దరు మనుషులు తాడు వేసి ఆయన్నే పైకి లాగారు. ఆ తర్వాత ఎవరో బురద మీద పలకలు పరిచారు. ఒకరోజు హల్దోర్ చూశాడు, పలకలు సర్దుతున్నది ఎల్లింగ్ భార్య బ్రీతా. ఆమె నడుం ఎత్తి, "వీటి మీద నడువు, హల్దోర్. ఇవి మా పుట్టింటి చెక్కలు, ఆయనవి కావు," అంది. హల్దోర్ టోపీ ఎత్తి మర్యాద చేసి, పలకల పక్కనే బురదలో అడుగేసి, మోకాలి దాకా దిగబడి వెళ్లిపోయాడు.

1953 ఏప్రిల్‌లో ఒక ఉదయం టోరినా కిటికీ దగ్గర నిలబడి, "బ్రీతా పోయింది," అంది.

హల్దోర్ కాఫీ కప్పు దించాడు. "ఎవరు చెప్పారు?"

"నీ భార్య చెప్తోంది, చాలదా? గేటు ముందు చూడు."

వాగు అవతల ఎల్లింగ్ గేటు ముందు తరిగిన జునిపర్ కొమ్మలు పచ్చగా పరిచి ఉన్నాయి. ఏ ఇంటి ముందు జునిపర్ కనిపించినా పిలుపులాయనకు వేరే కబురు అక్కర్లేదు. తనంతట తనే వెళ్లాలి.

హల్దోర్ లేచాడు. కోటు దగ్గరికి వెళ్లలేదు. కొడవలి తీసుకుని అరుగు మీద కూర్చుని నూరడం మొదలుపెట్టాడు.

టోరినా గుమ్మంలోకి వచ్చింది. "గడ్డి ఇంకా మొలవలేదు. ఎవర్ని కోద్దామని?"

"తుప్పు పట్టింది."

"నీకా, దానికా?"

కొండవాలు పొడవునా ఆ ఉదయం ఆడవాళ్లందరికీ బయట పనులు పడ్డాయి. ఒకావిడ ఆరిపోయిన బట్టలు మళ్లీ ఆరేసింది. పై ఇంటి గుడ్వోర్, భర్త పోయి ఇరవై ఏళ్లయిన ముసలమ్మ, ఖాళీ బకెట్ పట్టుకుని బావికి వెళ్లి ఖాళీ బకెట్‌తోనే వచ్చింది. అందరి చూపూ ఒకే అరుగు మీద ఉంది.

"ఊరంతా నీ కోసం చూస్తోంది," అంది టోరినా.

"చూడనీ."

"నువ్వు వెళ్లకపోతే ఎవరూ వెళ్లరు. ఎల్లింగ్ ఆమెని చేతిబండి మీద రేవు దాకా తోసుకుపోవాలి. ఔడున్‌ని బాప్తిస్మానికి చర్చికి ఎత్తుకెళ్లింది ఎవరు? నీళ్లు చల్లితే వాడు గుక్కపట్టి ఏడిస్తే నోట్లో తన వేలు పెట్టింది ఎవరు?"

"ఆ ఎల్లింగ్ కోసం మాత్రం నేను వెళ్లను."

"వాడు చావలేదుగా. వాడు చచ్చినప్పుడు వెళ్లకు."

హల్దోర్ కొడవలి పక్కన పెట్టాడు. "నా కొడుకుని—"

"నీ కొడుకా?" టోరినా గొంతు పెంచలేదు. "వాడు నాకూ కొడుకే. ఇన్నేళ్లలో నన్ను ఎవరైనా అడిగారా, టోరినా, నీకు ఎవరి మీద ఎంత కోపం ఉంది అని? కోపం మొత్తం నువ్వే తీసేసుకున్నావు. నాకు పాత్రలు తోమడం మిగిల్చావు."

కోటు దానంతట అదే వచ్చినట్టు ఆమె చేతిలో ఉంది. బ్రష్ కొట్టి కూడా ఉంది.

వాగు దాటాక హల్దోర్ ఆగాడు. ఎడమ వైపు బురద, కుడి వైపు గేటు. నల్లకోటుతో బురదలో దిగితే వంశం పరువు పోతుంది. గేటు తెరిచాడు. లోపలికి అడుగు పెట్టి, గేటు మూసి, గడియ పెట్టి, సరిగ్గా పడిందో లేదోనని లాగి చూశాడు.

చెయ్యి ఇంకా గడియ మీదే ఉంది. గొర్రెలున్న ఊళ్లో పుట్టిన చెయ్యి, ఆయన్ను అడగలేదు. హల్దోర్ దాన్ని కాసేపు వేరెవరిదో అన్నట్టు చూశాడు. తర్వాత కోటు జేబులో పెట్టేసుకున్నాడు.

ఎల్లింగ్ తలుపు తీసి, ఎదురుగా ఉన్న మనిషిని చూసి, వెనక ఇంకెవరైనా ఉన్నారేమోనని చూశాడు. బాగా చిక్కిపోయాడు. చొక్కా గుండీలు ఒకదాని కాజాలో ఒకటి పడ్డాయి.

"నువ్వొస్తావనుకోలేదు," అన్నాడు.

"నేను రాలేదండి. పిలుపులాయన వచ్చాడు."

హల్దోర్ అతనితో 'అండి' అనడం జీవితంలో అదే మొదటిసారి. ఒకే బల్ల మీద కూర్చుని ఒకడి ముక్కు ఒకడు పగలగొట్టుకున్న మనుషులు. ఎల్లింగ్‌కు ఏం చేయాలో తోచలేదు. కూర్చోమన్నాడు. హల్దోర్ కూర్చోలేదు. "కూర్చో," అన్నాడు మళ్లీ. హల్దోర్ కదల్లేదు. అప్పుడు ఎల్లింగ్‌కు గుర్తొచ్చి, మూడోసారి గట్టిగా, దాదాపు కోపంగా అన్నాడు. హల్దోర్ కూర్చున్నాడు.

చావింట్లో పిలుపులాయన తిన్నాకే బయలుదేరాలి. పెట్టింది మిగల్చకూడదు. ఆ ఇంట్లో వంట చేయాల్సిన మనిషి పక్క గదిలో తెల్లదుప్పటి కింద ఉంది. ఎల్లింగ్ పొయ్యి దగ్గరికి వెళ్లి, పుల్లటి మీగడతో వండిన జావ గిన్నెలో పోసి తెచ్చాడు. పోశాడనడం కంటే విరిచాడనడం సబబు.

హల్దోర్ ఒక చెంచా నోట్లో పెట్టుకున్నాడు.

"ఉప్పు వేశారా?"

"వేశాను. వేశానో లేదోనని మళ్లీ వేశాను."

"తెలుస్తోంది."

ఎల్లింగ్ చేతులు తొడల మీద పెట్టుకుని కూర్చున్నాడు. "అన్ని ఇళ్లకీ వెళ్లకు. వచ్చేవాళ్లనే పిలువు. కాదనిపించుకుని నువ్వెందుకు చిన్నబోవడం."

హల్దోర్‌కు చురుక్కుమంది. "వరసంటే వరసేనండి. మంచివి ఏరుకోవడానికి ఇవేమన్నా బంగాళదుంపలా? ఒక ఇల్లు వదిలేసి ఒక ఇల్లు పిలవడం మా ఇంటా వంటా లేదు."

అన్నాక ఆ మాట ఎవరింట్లో కూర్చుని అన్నాడో గుర్తొచ్చింది. ఎల్లింగ్ అతన్నే చూస్తూ కూర్చున్నాడు. హల్దోర్ ఆ జావ మొత్తం ఊపిరి తీసుకోకుండా తినేశాడు. సిగ్గు వల్ల తప్ప అంత వేగంగా తినగలిగేవాడు కాదు.

లేస్తూ, ఏదో ఒకటి అనాలి కనక, "జునిపర్ బాగా తరిగారు," అన్నాడు.

"నేను కాదు. నాకా సంగతే తోచలేదు. తెల్లారగానే టోరినా వచ్చి పరిచింది." ఎల్లింగ్ ఖాళీ గిన్నె అందుకున్నాడు. "చలికాలమంతా వచ్చేదిగా, బ్రీతాకి స్నానం చేయించడానికి. నీకు తెలుసనుకున్నా."

"తెలుసండి," అన్నాడు హల్దోర్.

మొదట గుడ్వోర్ ఇంటికి వెళ్లాడు. గుమ్మం బయట నిలబడి, టోపీ తీసి, "వాగు అవతలి ఇంటి ఎల్లింగ్ తరఫున ఈ ఇంటివారికి మనవి. శనివారం ఉదయం ఆ ఇంటికి వచ్చి, ఆ ఇంటి ఇల్లాలిని చర్చి దాకా సాగనంపి, తిరిగొచ్చి పెట్టింది తిని వెళ్లాలని," అన్నాడు.

గుడ్వోర్ విని, లోపలికి తిరిగి చూపించింది. బల్ల మీద రొట్టెలు దొంతర పేర్చి ఉన్నాయి.

"నిన్నే కాల్చాను. నాలుగు రోజులుగా ఆమెకి మాట పడిపోయిందిగా."

"నేను పిలుస్తానని నీకెలా తెలుసు?"

"తెలీదు. నువ్వు రాకపోతే నేనే తినేదాన్ని. కూర్చో, కూర్చో, కూర్చో. మూడూ ఒకేసారి అనేశా, మోకాళ్లు నొప్పి."

తర్వాతి ఇంట్లో అన్నదమ్ములిద్దరూ వస్తామన్నారు. "మాకేం పగ, హల్దోర్ మావా? నీకు బాధ కలుగుతుందని ఆగాం గానీ." ఆ పై ఇంటాయన కూడా అదే అన్నాడు. ఆ పక్కింటివాళ్లు అదే మాట ఇంకా మర్యాదగా అన్నారు. నిరుడు ఎల్లింగ్ ఆవు ఈనలేక బాధపడుతుంటే వాళ్లాయన సాయం పోయాడట, పెరటి వైపు నుంచి, హల్దోర్ కంట పడకుండా. అయిదో ఇల్లు చేరేసరికి పిలుపులాయన మొహం కందగడ్డలా అయింది.

"అంటే అందరూ నా కోసమేనా? ఒక్కరైనా నాతో ఒక్క ముక్క చెప్పారా?"

"నువ్వు అడిగావా?" అంది ఆ ఇంటావిడ. "బురదలో పడి నడిచే మనిషితో ఏం మాట్లాడతాం? ముందు బయటికి లాగాలి కదా."

ఇన్నేళ్లూ ఊరు తన దుఃఖాన్ని గౌరవిస్తోందనుకున్నాడు హల్దోర్. ఊరు దాన్ని ఓర్చుకుంటోందని ఇప్పుడు తెలిసింది. ఈ రెండోది మింగడం ఎల్లింగ్ జావ కంటే కష్టమైంది.

ఆఖరి ఇల్లు మోన్స్‌ది. ఊళ్లోకెల్లా పొడవైన జెండా కర్ర ఆ ఇంటిదే. యుద్ధంలో మోన్స్ జర్మన్ వంటశాలకు బంగాళదుంపలు అమ్మాడు. తక్కువ తూచి అమ్మాననీ, అది ప్రతిఘటన కిందికే వస్తుందనీ అంటాడు.

"ద్రోహి ఇంటికి నేను రావడమా?" అన్నాడు మోన్స్. "నువ్వెలా పిలుస్తున్నావు, హల్దోర్? నీ కొడుకు త్యాగం ఏమైపోను?"

"నా కొడుకు సంగతి నాకొదిలెయ్. పిలుపుకి జవాబులు రెండే. వస్తావా, రావా?"

"రాను."

"విన్నాను," అని హల్దోర్ టోపీ పెట్టుకున్నాడు. మోన్స్ ఒక్కసారి కూడా కూర్చోమనలేదు.

ఇంటికొచ్చేసరికి టోరినా అరుగు మీద ఉంది. ఆయన బూట్ల వంక చూసింది. పొడిగా ఉన్నాయి.

"చలికాలమంతా వెళ్లావట," అన్నాడు హల్దోర్.

"వెళ్లాను."

"నాకెందుకు చెప్పలేదు?"

"నీకు పని కల్పించడం ఎందుకని. నాతో కూడా మాట మానేస్తే ఇంట్లో ఎవరితో పోట్లాడతావు?"

శనివారం గాలి లేదు. శవపేటికను రేవు దాకా దించారు. పడవకు ఆరు తెడ్లు. మోన్స్ రాలేదు, ఇంకో ఇంటాయనకు నడుం పట్టేసింది. మోసిన వాళ్లలో తెడ్డు వేయగలిగినవాళ్లు నలుగురే. పద్ధతి ప్రకారం పిలుపులాయన పడవ ముందు భాగంలో నిలబడాలి, భర్త పేటిక తల దగ్గర కూర్చోవాలి. గుడ్వోర్ అందరినీ ఒకసారి చూసింది. "పద్ధతిని ఒడ్డునే కూర్చోబెట్టండి. తెడ్లు వేసేదెవరు?"

మిగిలింది మధ్యలో ఒక్క అడ్డచెక్క. దాని మీద ఇద్దరు కూర్చోవాలి. హల్దోర్ ఒక అంచున కూర్చున్నాడు, ఎల్లింగ్ రెండో అంచున. మధ్యలో ఒక గొర్రె పట్టేంత చోటు వదిలారు.

పడవ కదిలింది. కాసేపటికే ముక్కు పక్కకు తిరగడం మొదలైంది. ఎల్లింగ్ చిన్నప్పటి నుంచీ అంతే, తెడ్డు సగం లాగి వదిలేస్తాడు. నీళ్లు చిమ్మి హల్దోర్ నల్లకోటు తడిసింది. హల్దోర్ పళ్లు బిగించాడు. వెనక నుంచి గుడ్వోర్, "ఈ లెక్కన బ్రీతా చర్చికి పోదు, గుండ్రంగా తిరుగుతుంది. పాపం, ఎప్పుడూ ఎక్కడికీ వెళ్లలేదు, తిరగనీండి," అంది.

"ఒరేయ్, పొడుగ్గా లాగరా!" అన్నాడు హల్దోర్. "కోడి గీరినట్టు గీరతావేంటి? పూర్తిగా లాగు!"

ఎల్లింగ్ పూర్తిగా లాగాడు. నాలుగుసార్లు లాగేసరికి ఇద్దరి భుజాలూ ఒక్కసారి వంగి ఒక్కసారి లేవసాగాయి. పడవ ముక్కు చర్చి వైపు తిరిగి నిలిచింది.

"ఆరోజు గేటు పట్టుకుని నిలబడ్డాను," అన్నాడు ఎల్లింగ్, ముందుకు చూస్తూ. "వాడు నన్ను దాటుతూ నా వైపు చూశాడు. ఏమన్నా అంటాడేమో అనుకున్నా. అనలేదు."

"చూశాను. అరుగు మీదే ఉన్నాగా."

"నేను—"

"లాగు," అన్నాడు హల్దోర్. "మధ్యలో మాట్లాడితే తెడ్డు తప్పుతుంది."

బ్రీతాను పూడ్చారు. పారతో మట్టి వేసేది ఇరుగుపొరుగువాళ్లే. హల్దోర్ తన వంతు వేశాడు, మోన్స్ వంతు కూడా వేశాడు, ఎవరూ చెప్పకుండానే. జనం రేవు వైపు కదిలారు. చర్చి గోడ పక్కన యుద్ధంలో పోయినవాళ్ల పేర్లు చెక్కిన రాయి ఉంది. హల్దోర్ అలవాటుగా అటు నడిచాడు. టోపీ తీసి నిలబడ్డాడు.

ఎల్లింగ్ గోడ మూల దగ్గర ఆగిపోయాడు. ప్రతి ఏడూ ఆ రాయి దగ్గర పూలు పెట్టే రోజున అతను ఇల్లు కదలడు. ఇప్పుడు రేవుకు పోవాలంటే ఆ రాయి పక్క నుంచే పోవాలి. గోడకు ఆనుకుని, హల్దోర్ ముందు కదిలితే తను కదలాలని చూస్తున్నాడు. హల్దోర్ కదల్లేదు.

దూరం నుంచే ఎల్లింగ్ ఆ పేరు చదివినట్టున్నాడు. మొహం చిట్లించాడు. ఒక అడుగు ముందుకేశాడు.

"తప్పు చెక్కారు," అన్నాడు.

"ఏంటి?"

"పుట్టిన ఏడాది. ఇరవై ఒకటి అని ఉంది. వాడు పుట్టింది ఇరవైలో. బాప్తిస్మం అయ్యాక బ్రీతా వాణ్ణి ఎత్తుకుని పడవ దిగిన రోజు మా నల్లగుర్రం మంచులో కూరుకుపోయింది. మీ ఇంట్లో విందు తింటుంటే కబురొచ్చింది. గుర్రం పోయింది ఇరవైలోనే."

హల్దోర్ రాయి మీది అంకెల వైపు తిరిగాడు. ఈ రాయి పాతిన రోజు పాస్టర్ ఆ సంవత్సరాన్ని పైకి చదివాడు. మాస్టారు చదివాడు. మోన్స్ అయితే కళ్లు తుడుచుకుంటూ రెండుసార్లు చదివాడు. ఎవరూ గుర్తుపట్టలేదు. తను చెప్పలేదు. ఎవరైనా వాళ్లంతట వాళ్లు, వాడి పుట్టుక గుర్తున్నవాళ్లు, చెబుతారేమోనని ప్రతి ఏడూ వచ్చి నిలబడేవాడు.

"టోరినాకి తెలుసు," అన్నాడు చివరికి. "నాకు తెలుసు. ఇంకెవరికీ తెలీదనుకున్నా. ఇంతమంది ఉండగా నువ్వే దొరికావా?"

"ముందే చెప్పేవాణ్ణి. నన్ను ఇక్కడికి రానిచ్చిందెవరు?"

"నువ్వు వస్తే నేను తరిమానా?"

"రాలేదులే," అన్నాడు ఎల్లింగ్. "రాలేను కదా."

రేవు నుంచి టోరినా పిలుస్తోంది, పడవ కదలాలని, ఆటుపోటు మారుతోందని. రాయి ముందు ఇద్దరు పట్టేంత చోటు లేదు, ఒక పక్క గోడ, ఒక పక్క తడినేల. హల్దోర్ తడినేల వైపు జరిగి నిలబడ్డాడు.

"దగ్గరికి రారా," అన్నాడు. "అంత దూరం నుంచి ఏం కనిపిస్తుంది."